తప్పు చేయనివాడి ఇంటికీ తలుపు గడియ ఉండాలి

"తప్పు చేయనివాడికి భయమెందుకు?" ఫోన్ ట్యాపింగ్ గురించి వార్త వచ్చినా, వీధి మలుపులో కొత్తగా కెమెరాలు పెట్టినా, ఒక కార్డును మరో నంబరుతో జత చేయమని ప్రభుత్వం గడువు పెట్టినా, మనలో చాలామంది అనే మాట ఇది. మా పాఠకుల్లోనూ ఈ మాటను నిజాయితీగా నమ్మేవారు ఉన్నారు. వారు చట్టానికి లోబడి బతికేవారు. తమ జీవితంలో దాచుకోవలసింది ఏమీ లేదనుకునేవారు. వారి నమ్మకాన్ని మేము తేలిగ్గా తీసుకోవడం లేదు. అయితే ఈ ప్రశ్న మన న్యాయస్థానాల ముందుకు ఎన్నోసార్లు వచ్చింది. అక్కడ దానికి ఏం జవాబు దొరికిందో, ఆ జవాబు మన దైనందిన జీవితంలో ఎంతవరకు అమలవుతోందో తెలుసుకోవడం అవసరం.

అర్ధరాత్రి తలుపు తట్టిన పోలీసులు

ఉత్తరప్రదేశ్‌కు చెందిన ఖరక్ సింగ్‌ను 1941లో ఒక దోపిడీ కేసులో పట్టుకున్నారు. సాక్ష్యం లేక విడిచిపెట్టారు. ఏ కోర్టూ ఆయనను దోషి అనలేదు. అయినా పోలీసులు ఆయన పేరిట హిస్టరీ షీట్ తెరిచారు. ఆ రాష్ట్ర పోలీసు నిబంధనల ప్రకారం అలాంటి వ్యక్తి ఇంటి చుట్టూ రహస్యంగా కాపలా పెట్టవచ్చు. రాత్రిపూట వచ్చి తలుపు తట్టవచ్చు. ఆయన అలవాట్లు, స్నేహాలు, సంపాదన గురించి ఆరా తీయవచ్చు. ఎక్కడికి వెళ్ళాడో, ఎప్పుడు వచ్చాడో రాసుకోవచ్చు. ఖరక్ సింగ్ సుప్రీంకోర్టుకు వెళ్ళారు.

1962 డిసెంబరు 18న ఆరుగురు న్యాయమూర్తుల ధర్మాసనం తీర్పు చెప్పింది. రాత్రిపూట ఇంటికి వచ్చి లేపడం రాజ్యాంగ విరుద్ధమని ఆరుగురూ అంగీకరించారు. కానీ మిగిలిన నిఘా చెల్లుతుందని నలుగురు అన్నారు. గోప్యత అనేది మన రాజ్యాంగం హామీ ఇచ్చిన హక్కు కాదన్నది వారి అభిప్రాయం.

ఇద్దరు మాత్రం విభేదించారు. వారిలో ఒకరు రాజమండ్రిలో పుట్టిన జస్టిస్ కోకా సుబ్బారావు. తర్వాతి కాలంలో భారత ప్రధాన న్యాయమూర్తి అయిన తెలుగువాడు. రాజ్యాంగం గోప్యత అనే పదం వాడకపోయినా, వ్యక్తి స్వేచ్ఛలో అది విడదీయరాని భాగమని ఆయన రాశారు. కాళ్ళకు సంకెళ్ళు లేనంత మాత్రాన మనిషి స్వేచ్ఛగా తిరుగుతున్నట్టు కాదు, వెనుక ఎవరో కనిపెట్టి చూస్తున్నారని తెలిసినవాడి నడకలో స్వేచ్ఛ ఉండదు అన్నది ఆయన వాదన సారాంశం. ఆ నిబంధన మొత్తాన్నీ కొట్టివేయాలని జస్టిస్ జె.సి. షా కూడా ఆయనతో కలిసి చెప్పారు. కానీ నలుగురి మాటే చట్టమైంది.

ఈ కేసులో మనం గమనించవలసిన విషయం ఒకటుంది. ఖరక్ సింగ్ మీద నేరం రుజువు కాలేదు. "తప్పు చేయనివాడికి భయమెందుకు" అన్న మాట ఆయనకు ఏ విధంగానూ అక్కరకు రాలేదు. ఎవరిని అనుమానించాలో నిర్ణయించేది చూసేవాడే తప్ప, చూడబడేవాడు కాదు.

55 ఏళ్ళ తర్వాత వచ్చిన జవాబు

ఆ తర్వాతి దశాబ్దాల్లో చిన్న ధర్మాసనాలు గోప్యతకు కొంచెం కొంచెంగా చోటిస్తూ వచ్చాయి. వాటిలో ఒకటి మన రాష్ట్రం నుంచే వెళ్ళిన కేసు. స్టాంపుల చట్టానికి ఆంధ్రప్రదేశ్ చేసిన సవరణ ప్రకారం, కలెక్టరు అధికారమిచ్చిన ఏ వ్యక్తయినా బ్యాంకులోకి వెళ్ళి ఖాతాదారుల పత్రాలు తనిఖీ చేయవచ్చు. హైదరాబాద్ జిల్లా రిజిస్ట్రారుకూ కెనరా బ్యాంకుకూ మధ్య నడిచిన ఆ వివాదంలో 2004లో సుప్రీంకోర్టు ఆ సవరణను కొట్టివేసింది. గోప్యత మనిషికి సంబంధించినది, స్థలానికి కాదు అని చెప్పింది. మన పత్రాలను నమ్మకంతో బ్యాంకు చేతిలో పెట్టినంత మాత్రాన వాటిమీద మన గోప్యత పోదన్నమాట. మన ఫొటోలు, మాటలు, లెక్కలు అన్నీ ఏదో ఒక కంపెనీ కంప్యూటర్లలో ఉంటున్న ఈ రోజుల్లో ఆ మాట విలువ మరింత పెరిగింది.

ఇంతలో ఆధార్ వచ్చింది. కర్ణాటక హైకోర్టు మాజీ న్యాయమూర్తి కె.ఎస్. పుట్టస్వామి 2012లో దాన్ని సవాలు చేశారు. 2015లో వాదనల సమయంలో కేంద్ర ప్రభుత్వం పాత తీర్పులను బయటికి తీసింది. 1954లో ఎనిమిదిమంది, 1962లో ఆరుగురు న్యాయమూర్తులు చెప్పినదాన్ని బట్టి గోప్యత ప్రాథమిక హక్కే కాదని వాదించింది. కృష్ణా జిల్లాకు చెందిన జస్టిస్ జాస్తి చలమేశ్వర్ నాయకత్వంలోని ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ ప్రశ్నను పెద్ద ధర్మాసనానికి పంపింది.

2017 ఆగస్టు 24న తొమ్మిదిమంది న్యాయమూర్తులు ఏకగ్రీవంగా తీర్పు చెప్పారు. గోప్యత ప్రాథమిక హక్కు, అది జీవించే హక్కులోనూ వ్యక్తి స్వేచ్ఛలోనూ అంతర్భాగం అన్నారు. పాత తీర్పుల్లో అందుకు విరుద్ధంగా ఉన్న భాగాలను రద్దు చేశారు. సుబ్బారావు ఒకనాడు మైనారిటీగా రాసిన మాట దాదాపు 55 ఏళ్ళకు దేశ చట్టమైంది.

ఈ హక్కుకు హద్దులు లేవని ఆ తీర్పు అనలేదు. ప్రభుత్వం మన గోప్యతలోకి రావచ్చు. అయితే అందుకు ఒక చట్టం ఉండాలి. న్యాయమైన ప్రయోజనం ఉండాలి. ఆ ప్రయోజనానికి ఎంత అవసరమో అంతే జోక్యం చేసుకోవాలి. దుర్వినియోగం జరగకుండా ఏర్పాట్లు ఉండాలి. ఇక నుంచి ఏ నిఘానైనా కొలవవలసింది ఈ కొలబద్దతోనే.

ఫోన్ వినడానికి ఎవరు అనుమతిస్తారు?

మన ఫోన్ సంభాషణలు వినే అధికారం ప్రభుత్వానికి 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టం నుంచి వచ్చింది. దేశ భద్రత, శాంతిభద్రతలు, నేరాలకు ప్రేరేపించడాన్ని అరికట్టడం వంటి కారణాలతో, అదీ ప్రజా అత్యవసర పరిస్థితి లేదా ప్రజాభద్రత కోసం మాత్రమే ఆ అధికారం వాడాలి. కానీ ఏ పద్ధతిలో వాడాలో చెప్పే నియమాలు వందేళ్ళు దాటినా రాలేదు. పౌరహక్కుల ప్రజాసంఘం వేసిన కేసులో 1996 డిసెంబరులో సుప్రీంకోర్టే కొన్ని నియమాలు పెట్టింది. హోం కార్యదర్శి స్థాయి అధికారి మాత్రమే ఉత్తర్వు ఇవ్వాలి. ఉత్తర్వు రెండు నెలలకు మించి నడవకూడదు, పొడిగించినా మొత్తం ఆరు నెలలు దాటకూడదు. ఒక సమీక్షా సంఘం ప్రతి ఉత్తర్వునూ పరిశీలించాలి. 2007లో ఇవి టెలిగ్రాఫ్ నియమావళిలో చేరాయి. టెలికమ్యూనికేషన్స్ చట్టం 2023లో వచ్చాక, 2024 డిసెంబరులో కొత్త నియమాలు వాటి స్థానంలోకి వచ్చాయి.

కాగితం మీద ఇవి మంచివే. లోపమల్లా ఒకటే. ఫోన్ వినమని ఉత్తర్వు ఇచ్చేది ప్రభుత్వ అధికారి. అది సరైనదో కాదో సమీక్షించేది కూడా ప్రభుత్వ అధికారులే. కేంద్రంలో క్యాబినెట్ కార్యదర్శి, రాష్ట్రంలో ప్రధాన కార్యదర్శి ఆ సంఘాలకు అధ్యక్షులు. ఈ మొత్తం దారిలో ఎక్కడా ఒక న్యాయమూర్తి కనబడడు.

ఆ సమీక్ష ఎలా సాగుతుందో కూడా చూద్దాం. తెలంగాణ అంశంపై నివేదికతో తెలుగువారందరికీ తెలిసిన జస్టిస్ బి.ఎన్. శ్రీకృష్ణే, డేటా రక్షణపై నియమించిన మరో కమిటీకి అధ్యక్షత వహించారు. ఆ కమిటీ 2018 నివేదిక ఒక లెక్క చెప్పింది. రెండు నెలలకోసారి కూర్చునే కేంద్ర సమీక్షా సంఘం ముందు ప్రతిసారీ 15,000 నుంచి 18,000 ఉత్తర్వులు ఉంటాయట. ఒక్కో ఉత్తర్వుకు ఒక్క నిమిషం కేటాయించినా, 15,000 ఉత్తర్వులకు 250 గంటలు కావాలి. నిద్రాహారాలు మాని కూర్చున్నా పది రోజులు దాటుతుంది. ఇది సమీక్ష అనిపించుకుంటుందా?

రెండో లోపం ఇంకా లోతైనది. ఎవరి ఫోన్ విన్నారో వారికి ఎప్పటికీ చెప్పరు. విచారణ ముగిసినా, ఏమీ దొరకకపోయినా చెప్పరు. తనకు అన్యాయం జరిగిందని తెలియనివాడు ఏ కోర్టుకు వెళ్తాడు? అమెరికాలో నేర విచారణ కోసం ఫోన్ వినాలంటే న్యాయమూర్తి అనుమతి కావాలి. ఆ ఉత్తర్వు గడువు ముగిశాక సాధారణంగా 90 రోజుల్లోగా సంబంధిత వ్యక్తికి తెలియజేయాలి. బ్రిటన్‌లో 2016 చట్టం ప్రకారం మంత్రి సంతకానికి తోడు న్యాయ కమిషనర్ ఆమోదం కూడా అవసరం. ఆ దేశాల్లోనూ అతిక్రమణలు జరిగాయి. కానీ అతిక్రమణ జరిగిందని తేల్చడానికి అక్కడ ఒక గీత ఉంది.

గీత లేకపోతే ఏమవుతుందో తెలంగాణ ఫోన్ ట్యాపింగ్ వ్యవహారం మన కళ్ళముందు పెట్టింది. 2024 మార్చిలో హైదరాబాద్ పంజగుట్ట పోలీస్ స్టేషన్‌లో కేసు నమోదైంది. మావోయిస్టులపై కన్ను వేయవలసిన విభాగం రాజకీయ ప్రత్యర్థులు, విలేకరులు, వ్యాపారుల ఫోన్లు విన్నదనీ, 2023 డిసెంబరులో ప్రభుత్వం మారగానే హార్డ్ డిస్కులు ధ్వంసం చేశారనీ ఆరోపణ. ఎవరు దోషులో కోర్టే తేల్చాలి, ఆ పని మాది కాదు. మేము అడిగేది ఒకటే. ఎన్నికల్లో ప్రభుత్వం మారకపోయి ఉంటే ఈ ఆరోపణ బయటికి వచ్చేదా? పౌరుడి గోప్యత ఎన్నికల ఫలితం మీద ఆధారపడకూడదు.

మాట వినకుండానే మనసు తెలుసుకోవడం

నిఘా అంటే ఎవరో చెవి ఒగ్గి వినడమే అనుకుంటాం. ఈ రోజుల్లో అంత అవసరం కూడా లేదు. ఎవరు ఎవరికి, ఎప్పుడు, ఎంతసేపు, ఏ టవర్ పరిధి నుంచి ఫోన్ చేశారన్న కాల్ వివరాలు చాలు. ఒక స్త్రీ ఉదయం క్యాన్సర్ ఆసుపత్రికి, మధ్యాహ్నం న్యాయవాదికి, సాయంత్రం తన సంఘకాపరికి ఫోన్ చేసిందనుకుందాం. ఒక్క మాటా వినకుండానే ఆమె ఏ బాధలో ఉందో ఊహించవచ్చు. ఈ వివరాలు తెప్పించుకోవడానికి హోం కార్యదర్శి ఉత్తర్వు అవసరం లేదు. పత్రాలు తెప్పించుకునేందుకు పోలీసులకున్న సాధారణ అధికారమే సరిపోతోంది.

ముఖాల సంగతీ అంతే. తెలంగాణ పోలీసులు 2018లోనే తమ యాప్‌లో ముఖాన్ని గుర్తించే సౌకర్యం చేర్చుకున్నారు. 2020 జనవరిలో కొంపల్లి పురపాలక ఎన్నికల్లో ఓటర్లను గుర్తించడానికి ఈ సాంకేతికతను కొన్ని పోలింగ్ కేంద్రాల్లో ప్రయోగాత్మకంగా వాడారు. 2021 లాక్‌డౌన్ కాలంలో వీధిలో తనను ఆపి, మాస్కు తీయమని చెప్పి ఫొటో తీశారంటూ హైదరాబాద్ సామాజిక కార్యకర్త ఒకరు హైకోర్టుకు వెళ్ళారు. ఇన్ని జరిగినా, ముఖ గుర్తింపును ఎప్పుడు వాడవచ్చో, ఎంతకాలం దాచవచ్చో చెప్పే ప్రత్యేక చట్టం దేశంలో నేటికీ లేదు. పోలిక 80 శాతం ఉంటే సరిపోయినట్టే పరిగణిస్తామని ఢిల్లీ పోలీసులు 2022లో సమాచార హక్కు దరఖాస్తుకు జవాబిచ్చారు. మిగిలిన 20 శాతంలో చిక్కుకున్న అమాయకుడికి "తప్పు చేయనివాడికి భయమెందుకు" అని చెప్పగలమా?

కంప్యూటరు పొరపాటు చేస్తే మొదట దెబ్బ తినేది పేదవాడు. తెలంగాణలో 2016 నుంచి దాదాపు 19 లక్షల రేషన్ కార్డులు రద్దయ్యాయి. ఇంటికి వచ్చి చూడకుండా, నోటీసు ఇవ్వకుండా, కంప్యూటరు చెప్పినదాన్ని బట్టి తొలగించారన్నది ఫిర్యాదు. ఆ కార్డులన్నిటినీ క్షేత్రస్థాయిలో మళ్ళీ పరిశీలించమని 2022 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఆదేశించవలసి వచ్చింది. ఆ కుటుంబాలు దాచింది ఏముంది? వారి గురించి వేరెవరో పోగుచేసిన సమాచారమే వారి పళ్ళెం ముందుకు వచ్చి నిలబడింది.

భద్రత మాటేమిటి?

లుంబినీ పార్కు, గోకుల్ చాట్, దిల్‌సుఖ్‌నగర్ పేలుళ్ళను మనం మరచిపోలేదు. ఉగ్రవాదుల మాటలు వినవలసిందే. పిల్లలను ఎత్తుకుపోయేవారి జాడ తీయవలసిందే. తప్పిపోయిన పిల్లలను తల్లిదండ్రుల దగ్గరికి చేర్చడానికి ఇదే ముఖ గుర్తింపు సాంకేతికతను తెలంగాణ పోలీసులు వాడారు, అందుకు వారిని మెచ్చుకోవాలి. నిఘా పూర్తిగా వద్దని మేము అనడం లేదు. అనుమానానికి ఆధారం చూపి, ఫలానా వ్యక్తిని, ఫలానా కాలం పాటు, బయటివారి అనుమతితో గమనించడం ఒకటి. అందరినీ, ఎల్లకాలం, ఎవరికీ జవాబు చెప్పకుండా గమనించడం మరొకటి. మొదటిది రక్షణ. రెండోది పెత్తనం.

"జాతీయ భద్రత" అన్న మాట వినగానే ప్రశ్నలు ఆగిపోవాలా అన్నది పెగాసస్ వ్యవహారంలో తేటతెల్లంగా చర్చకు వచ్చింది. ఇజ్రాయెల్ కంపెనీ తయారుచేసిన ఈ గూఢచారి సాఫ్ట్‌వేర్ ఫోన్‌లోకి చొరబడితే సందేశాలు, ఫొటోలు, మైకు, కెమెరా అన్నీ చూసేవాడి చేతిలోకి పోతాయి. దాన్ని భారతీయుల మీద వాడారని 2021 జూలైలో కథనాలు వచ్చాయి. అదే ఏడాది అక్టోబరులో, తెలుగువాడైన అప్పటి ప్రధాన న్యాయమూర్తి ఎన్.వి. రమణ నాయకత్వంలోని ధర్మాసనం సాంకేతిక కమిటీని వేసింది. జాతీయ భద్రత పేరు ఎత్తినంత మాత్రాన ప్రభుత్వానికి ప్రతిసారీ మినహాయింపు దొరకదని స్పష్టం చేసింది. కమిటీ 29 ఫోన్లు పరీక్షించింది. ఐదింటిలో హానికర సాఫ్ట్‌వేర్ కనబడింది, అది పెగాససే అని తేలలేదు. ప్రభుత్వం తమకు సహకరించలేదని కమిటీ చెప్పినట్టు 2022 ఆగస్టులో కోర్టే వెల్లడించింది.

ఇక మన సమాచారాన్ని కాపాడడానికే తెచ్చిన 2023 డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం సంగతి. కంపెనీల మీద అది కొన్ని బాధ్యతలు పెట్టింది. కానీ దేశ భద్రత, శాంతిభద్రతల వంటి కారణాలతో తన సంస్థల్లో దేనినైనా ఆ చట్టం నుంచి మినహాయించే అధికారాన్ని కేంద్రం తన దగ్గరే ఉంచుకుంది. ఇంటికి తాళం వేసి, తాళంచెవి తన జేబులో వేసుకున్నట్టుంది ఈ ఏర్పాటు.

మనం పోగొట్టుకునేది ఏమిటి?

నిఘా వల్ల అరెస్టయ్యేవారు కొందరే. మారిపోయేవారు మాత్రం అందరూ. ఎవరో చూస్తున్నారని అనుమానం కలిగితే విలేకరికి సమాచారం ఇచ్చే చిన్న ఉద్యోగి మౌనం వహిస్తాడు. ధర్నాకు వెళ్ళాలనుకున్న యువకుడు ఇంట్లో కూర్చుంటాడు. మనసులోని సందేహాన్ని స్నేహితుడితో పంచుకునేవాడు ఫోన్ పెట్టేస్తాడు. ఎవరూ ఎవరినీ నిషేధించలేదు, అయినా స్వేచ్ఛ తగ్గిపోయింది. సుబ్బారావు 1962లో హెచ్చరించింది దీని గురించే.

కొన్ని బంధాలు గోప్యత లేకుండా బతకలేవు. రోగికీ వైద్యుడికీ, కక్షిదారుకూ న్యాయవాదికీ, భారంతో వచ్చిన విశ్వాసికీ సంఘకాపరికీ మధ్య ఉన్నవి అలాంటివి. న్యాయవాదితో చెప్పుకున్న మాటకు మన సాక్ష్య చట్టంలో రక్షణ ఉంది. సంఘకాపరితో చెప్పుకున్న మాటకు అలాంటి ప్రత్యేక రక్షణ లేదు. కాబట్టి తమ దగ్గరికి వచ్చినవారి కన్నీళ్ళను ఫోన్ సందేశాల్లోకి, గ్రూపుల్లోకి ఎక్కించకుండా కాపాడే బాధ్యత ముందుగా మన సేవకుల మీదే ఉంది. ఇతరుల రహస్యాన్ని మనమే గౌరవించకపోతే ప్రభుత్వాన్ని అడిగే నోరు మనకు ఉండదు.

ఏం అడగాలి? ఏం చేయాలి?

ప్రభుత్వాన్ని అడగవలసినవి పెద్ద కోరికలేమీ కావు. ఫోన్ వినే ఉత్తర్వుకు న్యాయమూర్తి అనుమతి ఉండాలి. విచారణకు హాని లేదని తేలాక సంబంధిత వ్యక్తికి తెలియజేయాలి. ముఖ గుర్తింపుకు పార్లమెంటు చట్టం చేయాలి, అందాకా దాని వాడకాన్ని ఆపాలి. ఏటా ఎన్ని ఉత్తర్వులు ఇచ్చారో, ఎన్నింటిని సమీక్షా సంఘం తిరస్కరించిందో లెక్కలు బయటపెట్టాలి. నిఘా సంస్థలు పార్లమెంటుకు జవాబు చెప్పే ఏర్పాటు కావాలి. వీటిలో ఏ ఒక్కటీ దొంగను కాపాడదు, ఉగ్రవాదికి మేలు చేయదు.

మన వంతు పనులూ ఉన్నాయి. ఎవరడిగినా ఆధార్ నకలు ఇచ్చేముందు "ఎందుకు, ఏ చట్టం ప్రకారం" అని మర్యాదగా అడగండి. బ్యాంకు ఖాతాకు, సిమ్ కార్డుకు ఆధార్ తప్పనిసరి చేయడం చెల్లదని 2018 సెప్టెంబరు 26న సుప్రీంకోర్టు చెప్పింది. ఇవ్వక తప్పనిచోట చివరి నాలుగు అంకెలు మాత్రమే కనిపించే మాస్క్‌డ్ ఆధార్ ఇవ్వవచ్చు. వేలిముద్రలను అవసరం లేనప్పుడు లాక్ చేసి ఉంచే సౌకర్యాన్ని ఆధార్ సంస్థే ఇస్తోంది. 2021 అక్టోబరులో హైదరాబాద్‌లో పోలీసులు బండ్లు ఆపి, గంజాయి కోసమంటూ యువకుల వాట్సాప్ సందేశాలు వెతకడం వీడియోల్లో మనం చూశాం. అలాంటప్పుడు ఏ అధికారంతో అడుగుతున్నారని ప్రశ్నించే హక్కు ఉందని మన పిల్లలకు ఇంట్లోనే చెప్పాలి. ప్రశ్నించడం ధిక్కారం కాదు, పౌరధర్మం.

మన ఇళ్ళకు తలుపులున్నాయి, తలుపులకు గడియలున్నాయి. గడియ వేసుకునేవారంతా లోపల దొంగతనం చేస్తున్నారని ఎవరూ అనుకోరు. భార్యాభర్తల మాటలు, తల్లి ప్రార్థన, బిడ్డ ఏడుపు, అప్పుల లెక్క, అనారోగ్యపు కాగితం, ఇవన్నీ ఆ తలుపు వెనుకే ఉంటాయి. ఆ తలుపు తీయాలంటే కారణం చెప్పి, అనుమతి చూపించి రావాలని తొమ్మిదిమంది న్యాయమూర్తులు ప్రభుత్వానికి చెప్పారు. అది అమలయ్యేలా అడగవలసింది మనం. మనకు భయం ఉన్నందుకు కాదు, రేపు మరో ఖరక్ సింగ్ ఇంటి తలుపు అర్ధరాత్రి ఎవరూ తట్టకుండా ఉండేందుకు.